సంజాయిషీ – విచారణ – బర్తరఫు : తెలంగాణమున ఉద్యోగి శిక్షావిధాన చరిత్ర

తెలంగాణపు కచేరీల భాషలో మూడు మాటలు తరతరములుగా వాడుకలో నున్నవి: తాఖీదు, సంజాయిషీ, బర్తరఫు. తాఖీదు అరబ్బీ నుండి వచ్చినది. గట్టిగా చెప్పుట, హెచ్చరించుట అని దాని భావము. బర్తరఫు పారశీకము, ఒక ప్రక్కకు పెట్టుట అని అక్షరార్థము. ఈ రెంటికి నడుమ నున్న సంజాయిషీ హిందుస్తానీ మాట. తెలియుట, తెలియజెప్పుట అను అర్థముగల ధాతువునుండి అది పుట్టినది. పై అధికారి తాఖీదు పంపును. క్రింది ఉద్యోగి సంజాయిషీ చెప్పుకొనును. అది తృప్తికరముగా లేనిచో బర్తరఫు జరుగును. ఈ మూడు మాటల వరుసయే ఉద్యోగి శిక్షావిధానమునకు సంగ్రహరూపము. నడిమి మాట తొలగినచో మిగిలినది ఆజ్ఞయే గాని న్యాయము కాదు.

ఆ నడిమి మాటకు శాసనబలము ఎప్పుడు, ఏ విధముగ చేకూరినది? ఎక్కడ అది బలపడెను, ఎక్కడ సన్నగిల్లెను? ఈ ప్రశ్నలను పరిశీలించుటయే ఈ వ్యాసోద్దేశము. పరిశీలనకు ఒక స్థానము నెన్నుకొనుట మేలు. నకాషీ పటములకు పేరొందిన చేర్యాల అట్టి స్థానము. జనగామ – సిద్దిపేట దారిలోనున్న ఈ ఊరు నిజాము రాజ్యమున నుండి, 1950లో హైదరాబాదు రాష్ట్రమునకును, 1956 నవంబరు 1న ఆంధ్రప్రదేశమునకును, 2014 జూన్ 2న తెలంగాణ రాష్ట్రమునకును చెందినది. వరంగల్లు జిల్లాలో నుండిన ఈ మండలము 2016 అక్టోబరు 11న సిద్దిపేట జిల్లాలో చేరినది. ఊరు కదలలేదు; దానిపై ప్రభుత్వములు మారినవి. ఆ ప్రభుత్వముల క్రింద పనిచేసిన పట్వారీ, బడిపంతులు, పోలీసు జవాను, బస్సు కండక్టరు – వీరి కొలువునకు ఏ కాలమున ఏ రక్ష యుండెనో చూచినచో, ఈ విషయచరిత్ర యంతయు మనకు గోచరించును.

1. ప్రభువు ఇష్టము

ఉద్యోగిని విచారించి శిక్షించుట అను భావము మన దేశమునకు క్రొత్తది కాదు. కౌటిల్యుని అర్థశాస్త్రము ఉద్యోగులు ప్రభుత్వ ధనమును అపహరించు నలువది ఉపాయములను లెక్కించినది. ఆ గ్రంథమే, అపహరణ శంక కలిగినప్పుడు ఆ పనితో సంబంధించిన వారిని, అనగా దాచినవానిని, వ్రాసినవానిని, పుచ్చుకొన్నవానిని, ఇచ్చినవానిని, ఒక్కొక్కరినే వేరువేరుగా ప్రశ్నింపవలెనని విధించినది. అబద్ధపు ఫిర్యాదు చేసినవానికిని దండన చెప్పినది. అయితే ఇది రాజు తన ధనమును కాపాడుకొను ఉపాయమే గాని ఉద్యోగికి గల హక్కు కాదు. ప్రశ్నించుట నిజము తెలిసికొనుటకు. ఆ ప్రశ్న తన్నడుగలేదని ఉద్యోగి మరియొక పీఠము నెదుట మొరపెట్టుకొనుటకు వీలులేదు.

నిజాము రాజ్యమున దివాను మొదటి సాలార్‌జంగు చేసిన సంస్కరణములతో ఉద్యోగవ్యవస్థకు క్రొత్తరూపు వచ్చినది. 1865లోని జిల్లాబందీతో జిల్లాలు, వాటిపై జీతగాండ్రగు తాలూక్దారులు ఏర్పడిరి. అంతకుముందు శిస్తు గుత్తకు పుచ్చుకొన్నవారి చేతిలో నుండిన పాలన జీతపు ఉద్యోగుల చేతికి వచ్చుట గొప్ప మార్పు. ఐనను గ్రామమున పటేలు, పట్వారీల పదవులు వంశపారంపర్యముగనే నిలిచినవి. పైనున్నవాడు ప్రభువు అనుగ్రహమువలన, క్రిందనున్నవాడు పుట్టుకవలన కొలువు పొందెను. రెంటిలోను విచారణకు హక్కుగా స్థానము లేదు.

ఇరుగుపొరుగున నున్న మద్రాసు రాజధానిలో స్థితి ఇంతకంటె మెరుగా? 1919 నాటి భారత ప్రభుత్వ చట్టము 96–బి విభాగము ఉద్యోగులు చక్రవర్తి ఇష్టమున్నంతకాలమే కొలువుందురని చెప్పెను. నియమించిన అధికారికి తక్కువవాడు తొలగింపరాదని ఒక కట్టడి మాత్రము పెట్టెను. ఈ కట్టడి విలువయెంతో, దానిని దాటి వచ్చు నిబంధనల విలువయెంతో తేల్చిన తీర్పులు రెండు, మద్రాసు రాజధాని ఉద్యోగులవే, 1936లో ప్రీవీ కౌన్సిలు నుండి వెలువడినవి. ఒకటి రంగాచారి అను పోలీసు సబ్ ఇన్‌స్పెక్టరు వ్యాజ్యము. తక్కువ అధికారి ఇచ్చిన తొలగింపు చెల్లదని అందు తేలినది. రెండవది ఆర్. వెంకటరావు వ్యాజ్యము. ఆయన మద్రాసు ప్రభుత్వ ముద్రణాలయమున రీడరు. నిబంధనలు కోరిన రీతిగా తన్ను విచారింపలేదని ఆయన వాదము. నిబంధనలు పాటింపవలసినవే యైనను, వాటిని ఉల్లంఘించినచో ఉద్యోగి కోర్టులో దావా వేయు హక్కు లేదనియు, పై అధికారులకు అప్పీలు చేసికొనుటయే దారియనియు ప్రీవీ కౌన్సిలు నిర్ణయించెను. తొలగించు చేయి ఎవరిదో కోర్టు చూచును. ఆ చేయి తొలగించుటకు ముందు చెవి విన్నదా లేదా యను సంగతి చూడదు. ఆ కాలపు న్యాయమును ఇంతకంటె సంగ్రహముగా చెప్పజాలము.

1935 నాటి చట్టము ఈ లోపమును సవరించినది. దాని 240వ విభాగము తొలగింపునకు ముందు ఉద్యోగికి తగిన కారణము చూపుకొను సముచితావకాశము ఈయవలెనని శాసించెను. 1940లో తొలగింపబడిన ఐ. ఎం. లాల్ అను సివిలు సర్వీసు ఉద్యోగి వ్యాజ్యమున, 1948లో ప్రీవీ కౌన్సిలు ఈ అవకాశము కేవలము మర్యాద కాదనియు, శిక్ష ఇంతయని నిర్ణయించిన పిమ్మట ఆ శిక్షకు వ్యతిరేకముగా చెప్పుకొను అవకాశము వేరుగా నుండవలెననియు తీర్మానించెను. కాని ఈ విభాగము బ్రిటిషు ఇండియాకు మాత్రమే వర్తించినది. బెజవాడలోని గుమాస్తాకు దక్కిన రక్ష చేర్యాలలోని గుమాస్తాకు దక్కలేదు.

2. రాజ్యాంగమిచ్చిన రక్ష

1948 సెప్టెంబరులో పోలీసు చర్యతో హైదరాబాదు సంస్థానము భారత యూనియనులో కలిసినది. 1950 జనవరి 26న రాజ్యాంగము అమలులోనికి వచ్చెను. నాటితో నిజాము కొలువు నుండి వచ్చిన ఉద్యోగికిని, మద్రాసు సర్కారు ఉద్యోగికిని ఒకే రక్ష ఏర్పడినది. 310వ అధికరణము పాత 'ఇష్టము' సిద్ధాంతమును నిలిపినది. వెంటనే వచ్చు 311వ అధికరణము దానికి రెండు కళ్ళెములు వేసినది. నియమించిన అధికారికి తక్కువవాడు తొలగింపరాదు అనునది మొదటిది. ఆరోపణలను తెలిపి, చెప్పుకొనుటకు సముచితావకాశ మీయక తొలగింపరాదు, హోదా తగ్గింపరాదు అనునది రెండవది. మూడు మినహాయింపులు కలవు. క్రిమినలు కోర్టులో శిక్షపడిన నడవడి కారణముగా తొలగించునప్పుడు, విచారణ జరుపుట ఆచరణసాధ్యము కాదని అధికారి కారణములు వ్రాసి నిర్ణయించినప్పుడు, రాజ్యభద్రత దృష్ట్యా విచారణ తగదని రాష్ట్రపతి గాని గవర్నరు గాని తలచినప్పుడు ఈ అవకాశ మీయనక్కరలేదు.

సముచితావకాశమనగా నేమి? ఖేంచంద్ వ్యాజ్యమున (1958 నివేదికలు) ప్రధాన న్యాయమూర్తి ఎస్. ఆర్. దాస్ దానిని మూడు భాగములుగా విడదీసి చెప్పిరి. ఆరోపణలేమో, వాటి ఆధారములేమో తెలిసికొని తన నిర్దోషిత్వమును నిరూపించుకొనుట ఒకటి. తనకు వ్యతిరేకముగా పలికిన సాక్షులను ఎదురు ప్రశ్నించి, తన సాక్షులను, తన్నును విచారింపజేసికొనుట రెండవది. నేరము స్థిరపడిన పిమ్మట ప్రతిపాదిత శిక్ష తగదని చెప్పుకొనుట మూడవది. అదే కాలమున వచ్చిన పురుషోత్తం లాల్ ధింగ్రా తీర్పు (1957) మరియొక సూక్ష్మము చెప్పినది. ఉత్తరువులో 'శిక్ష' అను మాట లేనంతమాత్రమున అది శిక్ష కాకపోదు. ఉద్యోగికి చెడు ఫలితములు కలిగించునో లేదో చూడవలెను.

పిమ్మటి సవరణలు ఈ రక్షను ముందు స్ఫుటము చేసి, తరువాత కొంత తగ్గించినవి. 1963లో పదునైదవ సవరణ 'విచారణ' అను మాటను అధికరణములోనే చేర్చినది. శిక్షపై రెండవ అవకాశమును నిలిపినది. 1976లో నలుబది రెండవ సవరణ ఆ రెండవ అవకాశమును తీసివేసెను. 1985లో తులసీరాం పటేలు తీర్పు మూడు మినహాయింపులకు విరివిగా అర్థము చెప్పినది. మినహాయింపు వర్తించినచోట సహజన్యాయము పేర విచారణను మరల లోనికి తేరాదనెను.

క్రిందిస్థాయిలో పద్ధతిని వివరించుటకు ఆంధ్రప్రదేశమున 1960లో క్రమశిక్షణ విచారణల ట్రిబ్యునలు చట్టమును, 1963లో సివిలు సర్వీసుల వర్గీకరణ, నియంత్రణ, అప్పీలు నిబంధనలును వచ్చినవి. 1991లో ఈ నిబంధనలు మరల రచింపబడినవి. ఆరుసూత్రముల పథకము ననుసరించి వచ్చిన 371–డి అధికరణము క్రింద 1976లో హైదరాబాదున పరిపాలనా ట్రిబ్యునలు నెలకొన్నది. ప్రభుత్వోద్యోగి తన శిక్షపై మొదట నెక్కవలసిన మెట్టు చాలకాలము అదియే. ఆ ట్రిబ్యునలు తీర్పును రాష్ట్రప్రభుత్వము రద్దుచేయవచ్చునను ఉపవాక్యమును పి. సాంబమూర్తి వ్యాజ్యమున సుప్రీం కోర్టు కొట్టివేసెను. కక్షిదారులలో నొకరు తీర్పును త్రోసివేయగలిగినచో అది న్యాయపాలన కాదను సామాన్యసూత్రమే దానికి మూలము. తెలంగాణమున ఆ ట్రిబ్యునలు 2016లో ముగిసినది.

3. విన్నవాడు, తీర్పరి

ఆంధ్రదేశము నుండి వెళ్ళిన రెండు వ్యాజ్యములు ఈ న్యాయమునకు ఎల్లలు గీసినవి. మొదటిది ఉద్యోగికి సంబంధించినది కాదు. ఐనను దాని సూత్రము ప్రతి విచారణకును వర్తించును. కృష్ణాజిల్లాలో బస్సుమార్గములను జాతీయము చేయు పథకముపై ప్రైవేటు యజమానులు ఆక్షేపణలు తెలిపిరి. రవాణాశాఖ కార్యదర్శి ఆ ఆక్షేపణలు వినెను. ముఖ్యమంత్రి నిర్ణయము చేసెను. గుళ్ళపల్లి నాగేశ్వరరావు వ్యాజ్యముగా ప్రసిద్ధమైన ఈ వివాదమున 1958లో అధికసంఖ్యాకుల తీర్పును వ్రాసినవారు జస్టిస్ కోకా సుబ్బారావు. పథకమును ప్రతిపాదించిన శాఖకు అధిపతియే ఆక్షేపణలు వినుట తగదనియు, ఒకరు విని వేరొకరు నిర్ణయించినచో వినికిడి వట్టి తంతుగా మారుననియు వారు తీర్మానించిరి. సాక్షి ముఖవైఖరిని చూచినవాడు, వాదము విని సందేహ మడిగినవాడు నిర్ణయములో పాలు పంచుకొననిచో, చెప్పుకొన్నవాని శ్రమ వ్యర్థమే గదా.

రెండవది 1963 నాటి శ్రీరామారావు వ్యాజ్యము. పోలీసు సబ్ ఇన్‌స్పెక్టరు నొకని తొలగింపును ఆంధ్రప్రదేశ్ హైకోర్టు రద్దుచేయగా, సుప్రీం కోర్టు హైకోర్టు తీర్పును త్రోసివేసెను. శాఖాపరమైన విచారణ క్రిమినలు విచారణ వంటిది కాదు. అందు లేశమాత్రపు సందేహమునకు తావులేనంతటి నిరూపణ అక్కరలేదు. హైకోర్టు సాక్ష్యమును మరల తూచు అప్పీలు న్యాయస్థానమును కాదు. విచారణ జరిపిన తీరు సహజన్యాయమునకు విరుద్ధమా, అసలు సాక్ష్యమే లేదా, సాక్ష్యమునకు సంబంధములేని కారణములతో నిర్ణయము చేసిరా అనునవి మాత్రమే అది చూడవలెను.

ఈ రెండు తీర్పులను ప్రక్కప్రక్కన పెట్టి చదువవలెను. కోర్టు ఫలితమును చూడదు, పద్ధతిని చూచును అని రెండవది చెప్పినది. కనుక ఉద్యోగికి మిగిలిన రక్షయంతయు పద్ధతియే. పద్ధతి వట్టి తంతు కారాదని మొదటిది చెప్పినది. 'పద్ధతి లోపములు చిన్నవి. సారము చూడవలెను' అను మాట కచేరీలలో తరచుగా వినవచ్చుచుండును. సారమును మరల చూచు అధికారము పై కోర్టునకు లేనప్పుడు, పద్ధతినే చిన్నచూపు చూచుట ఉద్యోగికి ఉన్న ఒక్క ద్వారమును మూయుటయే యగును.

4. పదవి రద్దు – శిక్షయా, కాదా?

గ్రామస్థాయికి వత్తము. పటేలు, పట్వారీ పదవులు ప్రభుత్వోద్యోగములే యని, వాటిని వంశమునుబట్టి ఇచ్చుట 16వ అధికరణమునకు విరుద్ధమని సుప్రీం కోర్టు 1960లోనే, ఆంధ్రప్రాంతమునుండి వెళ్ళిన గాజుల దశరథరామారావు వ్యాజ్యమున, చెప్పియుండెను. ఆ పదవులు 1984 జనవరిలో ఎన్. టి. రామారావు ప్రభుత్వము తెచ్చిన ఆర్డినెన్సుతో రద్దయినవి. తెలంగాణమున పట్వారీ, మాలీ పటేలు, పోలీసు పటేలు. ఆంధ్రమున కరణము, మునసబు – తరములుగా గ్రామముల లెక్కలను, శిస్తును, శాంతిభద్రతలను చేత బట్టుకొన్నవారు ఒక్క దినమున పదవులు కోల్పోయిరి. చేర్యాల ప్రాంతపు గ్రామములును ఇందులకు మినహాయింపు కావు.

ఈ మార్పును గ్రామములలోని పేదలు చాలమంది హర్షించిరి. భూమి ఎవరి పేర నున్నదో చెప్పు పుస్తకము ఒక కుటుంబము చేతిలో తరములుగా నుండుటవలన కలిగిన బాధలను తెలంగాణ సాయుధపోరాట చరిత్ర చదివినవారు ఎరుగుదురు. కాని న్యాయప్రశ్న వేరు. తమ్ము విచారింపక తొలగించిరని గ్రామోద్యోగులు కోర్టుకెక్కిరి. టి. వెంకటరెడ్డి వ్యాజ్యమున 1985లో సుప్రీం కోర్టు ఆర్డినెన్సును సమర్థించెను. పదవియే పోయినప్పుడు పదవిలోని వ్యక్తి పోవుట శిక్ష కాదు. అందు ఎవరిపైనను దోషారోపణ లేదు. కనుక 311వ అధికరణము వర్తింపదు.

తర్కమునకు ఇది సరియైనదే. పాలనావ్యవస్థను మార్చు అధికారము శాసనసభకు లేదనలేము. ప్రతి పదవీధరుని విడివిడిగా విచారించిన గాని మార్పు చేయరాదనుటయు కుదరదు. ఐనను ఇందొక చిక్కు కలదు. రద్దునకు చెప్పు కారణము దోషారోపణయే యైనచో? 2020 సెప్టెంబరులో తెలంగాణ ప్రభుత్వము గ్రామ రెవెన్యూ అధికారుల పదవులను చట్టముతో రద్దుచేసెను. చట్టము రాకముందే వారివద్ద నున్న రికార్డులను స్వాధీనము చేసికొనుటకు ఉత్తరువులు వెలువడినవి. ఆ సందర్భమున బహిరంగముగ వినిపించిన ముఖ్యకారణము రెవెన్యూశాఖలోని అవినీతి. ఉద్యోగులు జీతము కోల్పోలేదు. 2022లో ఇతరశాఖలలో సర్దబడిరి. కనుక చట్టరీత్యా ఇది శిక్ష కాదు. కాని అవినీతి యను మాట ఒక వర్గమంతటిపై పడినప్పుడు, అందు నిర్దోషియైనవాడు దానిని తుడుచుకొనుటకు ఏ విచారణయు లేదు. విచారణ లేనిచోట దోషియు బయటపడడు, నిర్దోషియు బయటపడడు. ధింగ్రా తీర్పు శిక్షయను మాటను గాక ఫలితమును చూడుమనెను; వెంకటరెడ్డి తీర్పు పదవిని చూడుమనెను. ఈ రెంటికి నడుమ నున్న ఖాళీ ఇంకను పూడలేదు.

5. ప్రభుత్వరంగ సంస్థలు – ఈసీఐఎల్ తీర్పు

311వ అధికరణము ప్రభుత్వ సివిలు ఉద్యోగికే గాని, ప్రభుత్వము స్థాపించిన కంపెనీలు, కార్పొరేషనుల ఉద్యోగికి వర్తింపదు. హిందుస్తాన్ స్టీలు వ్యాజ్యమున (1970 నివేదికలు) సుప్రీం కోర్టు ఈ మాట నిశ్చయముగ చెప్పినది. హైదరాబాదు వంటి నగరమునకు ఇది చిన్నవిషయము కాదు. స్వాతంత్ర్యానంతరము వెలసిన పెద్దకర్మాగారములు, బ్యాంకులు, బీమా సంస్థ, రోడ్డు రవాణా సంస్థ – వీటిలో పనిచేయు లక్షలమంది రాజ్యాంగపు గొడుగునకు వెలుపల నుండిరి. వారికి మిగిలిన ఆశ్రయములు రెండు. కార్మికునకు 1946 నాటి స్టాండింగు ఆర్డర్ల చట్టము, పారిశ్రామిక వివాదముల చట్టము ఉండెను. 1971లో చేరిన 11–ఎ విభాగముతో లేబరు కోర్టు శిక్ష తీవ్రతనుగూడ తగ్గింపగలిగెను. ఇతరులకు సంస్థ నిబంధనలే దిక్కు. 1975లో సుఖదేవ్ సింగు తీర్పు చట్టబద్ధ కార్పొరేషనుల నిబంధనలకు శాసనబలము కలదనెను. 1990లో ఢిల్లీ రవాణా సంస్థ తీర్పు, నోటీసు నిచ్చి, కారణము చెప్పక స్థిరోద్యోగిని తీసివేయు నిబంధన చెల్లదనెను. 14వ అధికరణములోని సమానత్వసూత్రమే ఈ తీర్పులకు ఆధారము. 311 వాకిలి మూసినను, 14 కిటికీ తెరచెనన్నమాట.

ఈ పరిణామమునకు శిఖరము హైదరాబాదు సంస్థదే. ఎలక్ట్రానిక్స్ కార్పొరేషన్ ఆఫ్ ఇండియా 1967లో అణుశక్తిశాఖ క్రింద హైదరాబాదున స్థాపింపబడినది. ఆ సంస్థ మేనేజింగు డైరెక్టరునకును బి. కరుణాకర్‌కును నడుమ నడచిన వ్యాజ్యమున 1993 అక్టోబరు 1న అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనము తీర్పు చెప్పెను. ప్రధానమైన తీర్పును వ్రాసినవారు జస్టిస్ పి. బి. సావంత్. ప్రశ్న యిది: విచారణాధికారి యొకరు, శిక్షించు అధికారి యొకరు అయినప్పుడు, విచారణాధికారి నివేదిక ప్రతిని ఉద్యోగికి శిక్షకు ముందే ఈయవలెనా? నలుబది రెండవ సవరణ రెండవ అవకాశమును తీసివేసినది గదా?

కోర్టు సమాధానము సూక్ష్మమైనది. సవరణ తీసివేసినది శిక్షపై చెప్పుకొను అవకాశమును మాత్రమే. నివేదికపై చెప్పుకొనుట నేరనిర్ణయములోని భాగము. విచారణాధికారి అభిప్రాయము శిక్షించువాని మనస్సుపై పనిచేయును; ఉద్యోగి కానని కాగితము ఆయన నెదుట నుండి, దానికి ఉద్యోగి బదులు చెప్పలేని స్థితి యున్నచో మొదటి అవకాశమే అసంపూర్ణము. గుళ్ళపల్లి వ్యాజ్యములోని 'విన్నవాడొకడు, నిర్ణయించువాడొకడు' అను చిక్కుకు ఇది మరియొక రూపమని చదువరులు గమనింతురు. వినుట, నిర్ణయించుట ఇద్దరి చేతులలో నుండక తప్పనిచోట, ఆ నడిమి కాగితమైనను ఉద్యోగికి కనబడవలెను. ఈ హక్కు ప్రభుత్వశాఖలకే గాక సంస్థలన్నిటికిని వర్తించునని కోర్టు చెప్పెను. 1990 నవంబరు 20న వచ్చిన మహమ్మద్ రంజాన్ ఖాన్ తీర్పునకు తరువాతి శిక్షలకే ఇది వర్తించునని కాలపుహద్దు నేర్పరచెను.

అదే తీర్పు మరియొక మాటయు చెప్పినది. నివేదిక ఈయనంతమాత్రమున శిక్ష తనంత తాను రద్దుకాదు. కోర్టులో ఉద్యోగికి ప్రతి నిచ్చి, అది ముందే ఇచ్చియున్నచో ఫలితము మారియుండెడిదా యని చూడవలెను. మారదని తోచినచో శిక్ష నిలుచును. మారునని తోచి శిక్షను రద్దుచేసినను, లోపము జరిగిన చోటునుండి విచారణ కొనసాగించుటకై మాత్రమే ఉద్యోగిని తిరిగి తీసికొనవలెను. ఆ కాలమున సస్పెన్షనులో నుంచవచ్చును.

ఈ రెండవమాట మేలా, కీడా? నిజముగా ధనము అపహరించినవాడు కాగితపు లోపము చాటున తప్పించుకొనుట ఎవరికిని సమ్మతము కాదు. ఆ మేరకు ఇది మంచిదే. కాని ఇందులకు వెల కలదు. సంస్థ చేసిన తప్పునకు ఫలము తనకే లేనప్పుడు, దానిని దిద్దుకొను శ్రద్ధ సన్నగిల్లును. 'ఈయకున్న నేమగును? కోర్టులో ఇత్తము' అను ధోరణి కచేరీలో ప్రబలవచ్చును. ఏండ్లు గడచిన పిదప, కొలువులేక కోర్టుమెట్ల నెక్కిన ఉద్యోగికి చేతబడిన నివేదికయు, నిర్ణయమునకు పూర్వము చేతబడిన నివేదికయు సమానములు కావు. మొదటిది తెరచిన మనస్సు నెదుట, రెండవది మూసిన ఫైలు నెదుట చెప్పుకొనునది. హక్కును చాటిన తీర్పే దాని ఉల్లంఘనమును సహింపదగినదిగా చేసెనా యను ప్రశ్నను పరిశోధకులు విడువరాదు.

6. 'తనంత తానే తొలగుట'

నిజాము రాజ్యమున 1932లో 27 బస్సులతో, 166 మంది ఉద్యోగులతో మొదలైన రోడ్డు రవాణాశాఖ 1958 జనవరి 11న ఆంధ్రప్రదేశ్ రోడ్డు రవాణా సంస్థగా రూపొందినది. రాష్ట్రవిభజన పిమ్మట తెలంగాణకు వేరుసంస్థ యేర్పడినది. ప్రభుత్వములో విలీనము మొదలగు కోరికలతో ఆ సంస్థ కార్మికులు 2019 అక్టోబరు 5న సమ్మెకు దిగిరి. ఆ సాయంత్రము ఆరుగంటలలోపల పనికి రానివారు ఇక ఉద్యోగులు కారనియు, తమంత తామే తొలగినట్లనియు ముఖ్యమంత్రి ప్రకటించిరి. ఇంచుమించు 48,000 మందిపై ఈ మాట పడినది. నవంబరు 25న సంఘములు సమ్మె విరమించినవి. 28న ప్రభుత్వము అనుమతింపగా 29న కార్మికులు పనిలో చేరిరి. చేర్యాల మీదుగా జనగామకును సిద్దిపేటకును తిరుగు బస్సుల డ్రైవర్లు, కండక్టర్లు ఏ స్థితిలో ఆ ఏబది దినములు గడపియుందురో ఊహించుట కష్టము కాదు. కొలువున్నదో లేదో తెలియదు. తొలగించినట్లు చేతికి కాగితము రాలేదు. కాగితము లేనిదే సంజాయిషీ ఎవరికి చెప్పుకొనవలెను?

సమ్మె న్యాయమైనదా, కాదా యనుట ఈ వ్యాసవిషయము కాదు. సమ్మె హక్కు ప్రభుత్వోద్యోగులకు లేదని సుప్రీం కోర్టే 2003లో, తమిళనాడున లక్షకు పైబడిన ఉద్యోగులను ఒక్కపెట్టున తొలగించిన సందర్భమున, చెప్పినది. ఐనను ఆ వ్యాజ్యములోనే అత్యధికులు తిరిగి కొలువున చేరుటకు మార్గ మేర్పడినది. మనము చూడవలసినది 'తనంత తానే తొలగుట' అను భావమును. దీనికి ఉత్తరము పూర్వమే వచ్చియున్నది. అయిదేండ్లు పనికి రానివాడు తనంత తానే కొలువు కోల్పోవునను నిబంధనను కూడ విచారణ లేక ప్రయోగింపరాదని 1971లో దేవకీనందన ప్రసాదు తీర్పు చెప్పినది. 1993లో డి. కె. యాదవ్ తీర్పు, గైరుహాజరువలన కొలువు దానంతట అదే పోవునను స్టాండింగు ఆర్డరు నమలుచేయుటకు ముందును వినికిడి తప్పదనెను. కొలువు జీవనాధారము, జీవనాధారము జీవించు హక్కులోనిది, అది విచారణ లేక పోరాదు. పనికి రాలేదనునది కంటికి కనబడు విషయమే గదా, ఇందు విచారించుట కేమున్నది యని అడుగవచ్చును. రాకుండుటకు కారణము కంటికి కనబడదు. ఆనాడు సెలవులో నున్నవాడు, ఆసుపత్రిలో నున్నవాడు, సమ్మెలో నున్నవాడు – ముగ్గురును పనిలో లేరు. వారిని వేరుచేసి చూపునది విచారణ యొక్కటే.

7. ఆలస్యమను అన్యాయము

విచారణ పేరుతో జరుగు అన్యాయమును కూడ చెప్పక వదలరాదు. అభియోగము ఎన్నటికిని తేలక, ఉద్యోగి సగము జీతముతో ఏండ్లు గడపుట, పదోన్నతి ఆగుట, పింఛను నిలుచుట మన కచేరీలకు క్రొత్తవి కావు. 1998లో ఎన్. రాధాకిషన్ వ్యాజ్యమున, పదేండ్లకు పైబడిన సంగతులపై ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వమిచ్చిన అభియోగపత్రమును సుప్రీం కోర్టు నిలువనీయలేదు. ఆలస్యమునకు తగిన కారణము లేనిచో, అది ఉద్యోగికి హాని కలిగించునని కోర్టు భావించెను. ఆలస్యము రెండంచుల కత్తి. దోషి తనకు అనుకూలముగా దానిని సాగదీయును. సాక్షులు బదిలీయగుదురు, మరణింతురు, మరతురు. నిర్దోషి దానివలన శిక్షకు ముందే శిక్ష అనుభవించును. లంచమిచ్చి ఫిర్యాదు చేసిన రైతునకు గూడ ఏండ్లతరబడి తేలని విచారణ న్యాయము కాదు. న్యాయమైన పద్ధతి ఉద్యోగిపక్షము వహించునది కాదు, నిజముపక్షము వహించునది.

ఉపసంహారము

ఈ చరిత్రలో మూడు దశలు స్పష్టముగా కనబడుచున్నవి. మొదటి దశలో విచారణ ప్రభువునకు ఉపాయము. ఉద్యోగికి హక్కు కాదు. రెండవ దశలో, చేర్యాల వంటి ఊళ్ళకు 1950 నుండి, అది రాజ్యాంగపు హక్కు. మూడవ దశలో ఆ హక్కు ప్రభుత్వశాఖల గడప దాటి సంస్థలలోనికి ప్రవేశించినది; ఈ విస్తరణకు పేరు తెచ్చినది హైదరాబాదు వ్యాజ్యమే. కాని విస్తరించినకొలది అది పలుచబడుచున్నది. పదవిని రద్దుచేయుట, తనంత తానే తొలగినట్లు ప్రకటించుట, ఫలితము మారదని చెప్పి లోపమును మన్నించుట – ఈ మూడు దారులలోను నడిమి మాటయగు సంజాయిషీ జారిపోవుచున్నది.

న్యాయశాస్త్రజ్ఞులు తీర్పులను పరిశీలించుచున్నారు. తెలుగు పరిశోధకులకు వేరొక పని మిగిలియున్నది. తాలూకా కచేరీల పాత తాఖీదులు, వాటికి ఉద్యోగులు వ్రాసికొన్న సంజాయిషీలు, ఉర్దూ నుండి తెలుగునకు మారిన కచేరీ భాష – వీటిని సేకరించి చదివినచో, అధికారము నెదుట నిలుచున్న సామాన్యోద్యోగి తన్ను గూర్చి తాను ఏ మాటలతో చెప్పుకొనెనో తెలియును. తీర్పులలో కనబడునది కోర్టు కంఠము. సంజాయిషీలలో వినబడునది అడుగబడిన వాని కంఠము. దానిని విని గాని చరిత్ర కూడ తీర్పు చెప్పరాదు.